తూర్పు జర్మనీ జాతీయగీతం: మళ్ళీ మళ్ళీ అడిగే ప్రశ్నలు

పాత ఒలింపిక్స్ క్లిప్పులు చూసినవాళ్ళు, బెర్లిన్ గోడ గురించి చదివినవాళ్ళు తూర్పు జర్మనీ (జర్మన్ డెమోక్రటిక్ రిపబ్లిక్, పొట్టిగా జీడీఆర్) జాతీయగీతం గురించి అడిగే డౌట్లు దాదాపు ఒకటే. మాటలు ఎందుకు లేవు, కాపీ పాటట కదా, ఇప్పుడు పాడితే కేసు పెడతారా, ఇలాంటివి. విడివిడిగా జవాబులు చెప్పే బదులు అన్నీ ఒకచోట పెట్టేశాను. వరసగా చదవక్కర్లేదు, మీ డౌటు ఎక్కడుందో అక్కడికే వెళ్ళిపోండి.

## పుట్టుక: 1949

జర్మనీకి అప్పటికే జాతీయగీతం ఉంది కదా, మళ్ళీ కొత్తది ఎందుకు?

ఉంది, కానీ 1949లో దాన్ని ముట్టుకోడానికి అందరికీ జంకే. స్వరకర్త హైడెన్ 1797లో ఆస్ట్రియా చక్రవర్తి కోసం కట్టిన బాణీ అది. దానికి హోఫ్‌మన్ ఫన్ ఫాలెర్స్‌లెబెన్ 1841లో మాటలు రాశాడు, 1922లో జర్మనీ జాతీయగీతమైంది. తర్వాత నాజీలు వచ్చి దాని మొదటి చరణానికి తమ పార్టీ పాటను జతచేసి పన్నెండేళ్ళు ఊదరగొట్టారు. యుద్ధంలో ఓడిపోయాక ఆ పాట ఎత్తితే జనానికి ఏం గుర్తొస్తుందో వేరే చెప్పక్కర్లేదు. అందుకే 1949 అక్టోబరు 7న తూర్పున కొత్త రాజ్యం ఏర్పడగానే కొత్త పాట కావాలన్నారు.

పశ్చిమానా ఇదే తలనొప్పి. అక్కడి అధ్యక్షుడు తెయోడోర్ హాయిస్ ఒక కొత్త పాట రాయించి చూశాడు, అది జనానికి పట్టలేదు. చివరికి 1952లో ఆయనా, చాన్సలర్ అడెనావర్ ఉత్తరాలు రాసుకుని, పాత పాటలో మూడో చరణం ఒక్కటీ పాడదామని తేల్చుకున్నారు. అంటే దాదాపు రెండున్నరేళ్ళ పాటు తూర్పు వాళ్ళకు జాతీయగీతం ఉంది, పశ్చిమం వాళ్ళకు లేదు.

రాసిందెవరు, బాణీ కట్టిందెవరు?

మాటలు యోహానెస్ బెహర్‌వి, బాణీ హాన్స్ ఐస్లర్‌ది. ఇద్దరూ నాజీల వల్ల దేశం వదిలిపోయి, యుద్ధం అయ్యాక తిరిగొచ్చినవాళ్ళే, కాకపోతే తలదాచుకున్న చోట్లు పూర్తిగా వేరు. మ్యూనిక్‌లో పుట్టిన బెహర్ కుర్రతనంలో తిరుగుబాటు కవి. కమ్యూనిస్టు అయి, 1935 నుంచి 1945 దాకా మాస్కోలో గడిపాడు, స్టాలిన్‌ను పొగుడుతూ కవితలు కూడా రాశాడు, 1954లో జీడీఆర్ సాంస్కృతిక మంత్రి అయ్యాడు.

ఐస్లర్ కథ ఇంకా రంజుగా ఉంటుంది. లైప్‌జిగ్‌లో పుట్టి, వియన్నాలో పెరిగి, స్వరకర్త షోన్‌బెర్గ్ దగ్గర ఆధునిక సంగీతం నేర్చుకుని, నాటకకర్త బ్రెక్ట్‌తో కలిసి కార్మికుల పాటలు కట్టి, తర్వాత హాలీవుడ్ వెళ్ళి సినిమాలకు సంగీతం ఇచ్చి రెండుసార్లు ఆస్కార్ నామినేషన్ కూడా తెచ్చుకున్నాడు. 1947లో అమెరికా కాంగ్రెస్ కమిటీ 'నువ్వు కమ్యూనిస్టువా' అని నిలదీసింది, చాప్లిన్ లాంటివాళ్ళు వెనకేసుకొచ్చినా లాభం లేక 1948లో ఆ దేశం విడిచిపెట్టాల్సి వచ్చింది. తూర్పు బెర్లిన్‌లో మాత్రం సుఖపడ్డాడా అంటే అదీ అంతంతమాత్రమే. 1953లో ఆయన రాసుకున్న ఫౌస్ట్ ఒపెరా కథనం మీద పాలక పార్టీ పెద్దలు విరుచుకుపడేసరికి ఆ ఒపెరాకు సంగీతం కట్టడమే మానేశాడు. దేశానికి పాట కట్టినవాడన్న మర్యాద అప్పుడేమీ అక్కరకు రాలేదు.

ఎవరు అడిగి రాయించారు? పోటీ ఏమైనా పెట్టారా?

బహిరంగ పోటీ లాంటిది లేదు. కొత్త రాజ్యానికి అధ్యక్షుడైన విల్‌హెల్మ్ పీక్ 1949 అక్టోబరులో బెహర్‌కు ఉత్తరం రాసి, పాటలో ఏ విషయాలు ఉంటే బాగుంటుందో కూడా సూచించాడు. బాణీ విషయంలో మాత్రం ఒట్మార్ గెర్‌స్టర్ అనే ఇంకో స్వరకర్త కూడా ప్రయత్నించాడు, నెగ్గింది ఐస్లర్ బాణీ.

స్వరకర్త షోపాన్ పియానో మీద వాయించి చూశారన్నది నిజమా?

బాగా ప్రచారంలో ఉన్న కథే. జర్మన్ కవి గోథే 200వ జయంతి ఉత్సవాలకని ఐస్లర్, బెహర్ కలిసి పోలండ్ వెళ్ళారు, అక్కడ షోపాన్ పుట్టిన ఇల్లు చూడ్డానికి వెళ్ళినప్పుడు ఆ పాత పియానో మీద ఐస్లర్ ఈ బాణీ వినిపించాడు అని చెబుతారు. కథలో కాస్త మసాలా పడి ఉండొచ్చు గానీ ఒక్కటి మాత్రం ఖాయం: అంతా కొద్ది వారాల్లో అయిపోయింది. అక్టోబరులో ఉత్తరం, నవంబరు 5న ప్రభుత్వ ఆమోదం.

మొదటిసారి ఎక్కడ వినిపించారు?

1949 నవంబరు 7న, బెర్లిన్ ప్రభుత్వ ఒపెరాలో, రష్యా అక్టోబరు విప్లవ వార్షికోత్సవ సభలో. ఆ ఒపెరా అసలు భవనం అప్పటికి బాంబు దాడుల్లో పాడైపోయి ఉంది, బృందం అడ్మిరల్స్‌పలాస్ట్ అనే థియేటర్‌లో సర్దుకుని కార్యక్రమాలు చేసుకునేది. 'శిథిలాల్లోంచి లేచి' అని మొదలయ్యే పాటకు ఊళ్ళో ఎటు చూసినా సాక్ష్యమే.

## మాటలు, బాణీ

పాటలో ఏముంది? అంతా సోషలిజం, పార్టీ గొడవేనా?

చాలామంది ఇలాగే అనుకుంటారు, కానీ పాట మొత్తంలో సోషలిజం అన్న మాటే లేదు. పార్టీ లేదు, విప్లవం లేదు, ఎర్రజెండా లేదు, స్టాలిన్ లేడు, ఆఖరికి 'జర్మన్ డెమోక్రటిక్ రిపబ్లిక్' అన్న దేశం పేరు కూడా లేదు. మొత్తం మూడు చరణాలు. శిథిలాల్లోంచి లేచాం, భవిష్యత్తు వైపు తిరిగాం, ఐక్య మాతృభూమి అయిన జర్మనీకి మేలు చేద్దాం, మునుపెన్నడూ లేనంత అందంగా సూర్యుడు జర్మనీ మీద వెలగాలి అని మొదటి చరణం. రెండోదంతా శాంతి, ఇక మీదట ఏ తల్లీ కొడుకు కోసం ఏడవకూడదని. మూడోది దున్నండి, కట్టండి, నేర్చుకోండి అని యువతకు చెప్పే మాట. రెండో చరణంలో 'ప్రజల శత్రువు' అన్న మాట ఒక్కటే కాస్త ఆ కాలపు వాసన వేస్తుంది. నా లెక్కలో సోషలిస్టు దేశాల పాటల్లో ఇంత మెత్తటి మాటలున్నవి తక్కువ.

జర్మనీని రెండుగా చేసి వేరే రాజ్యం పెట్టుకున్నవాళ్ళు 'ఐక్య జర్మనీ' అని ఎలా పాడారు?

1949లో వాళ్ళ దృష్టిలో అది తాత్కాలిక ఏర్పాటు. ఆ ఏడాది రాసుకున్న తూర్పు జర్మనీ రాజ్యాంగం మొదటి అధికరణమే 'జర్మనీ విడదీయరాని ప్రజాస్వామ్య గణతంత్రం' అంటుంది. పశ్చిమం వాళ్ళూ అంతే, మొత్తం జర్మనీ తరఫున మాట్లాడేది మేమే అనేవాళ్ళు. ఎవరికి వాళ్ళు అసలు జర్మనీ మాదే, అవతలివాడు విడగొట్టాడు అనే బాపతు. 1952 మార్చిలో స్టాలిన్ కూడా జర్మనీని కలిపేసి తటస్థ దేశంగా ఉంచుదామని పశ్చిమ దేశాలకు ప్రతిపాదన పంపాడు, అది మనసులో మాటా, ఎత్తుగడా అన్నది చరిత్రకారులు ఇప్పటికీ కొట్టుకుంటూనే ఉన్నారు. కాబట్టి బెహర్ ఆ లైను రాసినప్పుడు అది ప్రభుత్వ విధానమే. విధానం మారాక పాట మెడకు చుట్టుకుంది.

ఇది కాపీ పాటట కదా?

కాపీ అన్నది పెటర్ క్రాయిడర్ అనే స్వరకర్త ఆరోపణ. 1939లో ఒక జర్మన్ సినిమా కోసం ఆయన కట్టిన, హాన్స్ ఆల్బెర్స్ పాడిన 'గుడ్‌బై జానీ' అనే పాట మొదట్లోని స్వరాలు, జాతీయగీతం మొదట్లోని స్వరాలు నిజంగానే దగ్గరగా ఉంటాయి. రెండూ పక్కపక్కన పెట్టి వినండి, నవ్వొస్తుంది. కానీ అక్కడితో సరి, ఆ పైన రెండు బాణీలూ ఎవరి దారి వాళ్ళు చూసుకుంటాయి. పైగా అలాంటి ఎత్తుగడే బీతోవెన్ పియానో ముక్క ఒకదాంట్లోనూ (ఓపస్ 119లో 11వది) ఉందని సంగీతం తెలిసినవాళ్ళు చూపిస్తారు. మరి క్రాయిడర్ కూడా బీతోవెన్ దగ్గర కొట్టేశాడనాలా? నాలుగైదు స్వరాలు కలిసినంత మాత్రాన దొంగతనం అంటే ఏ స్వరకర్తా మిగలడు.

ఈ మాటల్ని పశ్చిమ జర్మనీ పాట బాణీలో పాడొచ్చట, నిజమేనా?

పాడొచ్చు, చివర్లో కాస్త సర్దుకోవాలంతే. ఎనిమిది అక్షరాలు, ఏడు అక్షరాలు చొప్పున నడిచే పాదాలు రెండింట్లోనూ ఒకేలా ఉంటాయి. అటుదిటు కూడా కుదురుతుంది, పాత పాట మాటలు ఐస్లర్ బాణీలో పాడొచ్చు. కావాలని అలా రాశాడా, తెలిసిన కొలత కాబట్టి చేతిలోంచి అలా వచ్చేసిందా అని వాదనలు నడుస్తుంటాయి.

## ఆటల మైదానాల్లో

పాత ఒలింపిక్స్‌లో తూర్పు జర్మనీ వాళ్ళు గెలిస్తే బీతోవెన్ సంగీతం ఎందుకు వినిపిస్తుంది?

1956, 1960, 1964 ఒలింపిక్స్‌లో రెండు జర్మనీలూ ఒకే జట్టుగా ఆడాయి. అలా ఆడితేనే రానిస్తామని ఒలింపిక్ కమిటీ పట్టుబట్టింది. ఎవరి పాట వేసినా రెండోవాళ్ళు అలుగుతారు కాబట్టి బీతోవెన్ తొమ్మిదో సింఫనీలోని ఆనందగీతం అందరికీ ఖాయం చేశారు. 1968లో జట్లు విడిపోయినా పాటా, జెండా మాత్రం ఉమ్మడివే. తూర్పు జర్మనీకి సొంత పాట దక్కింది 1972 నుంచే.

పశ్చిమ జర్మనీ గడ్డ మీద ఈ పాట మోగిందా?

మోగింది, అదీ మామూలుగా కాదు. 1972 ఒలింపిక్స్ మ్యూనిక్‌లో జరిగాయి, ఇంటివాళ్ళయిన పశ్చిమ జర్మనీకి 13 స్వర్ణాలు వస్తే అతిథులుగా వచ్చిన తూర్పు జర్మనీ 20 కొట్టింది. అంతకు కొన్నేళ్ళ ముందు దాకా తూర్పు జర్మనీ జెండా ఎగరేస్తే పశ్చిమాన పోలీసులు వచ్చి దించేసేవాళ్ళు, అలాంటిది స్వర్ణం వచ్చిన ప్రతిసారీ లేచి నిలబడి ఆ పాట వినాల్సి వచ్చింది. 1974 ప్రపంచకప్ ఫుట్‌బాల్‌లో జూన్ 22న హాంబుర్గ్‌లో స్పార్‌వాసర్ అనే ఆటగాడి గోల్‌తో తూర్పు జర్మనీ పశ్చిమ జర్మనీ మీద 1-0తో గెలిచింది. రెండు దేశాల సీనియర్ జట్లు తలపడింది ఆ ఒక్కసారే.

ఆ పతకాల వెనక ప్రభుత్వమే నడిపిన డోపింగ్ ఉందని తర్వాత బయటపడింది. పాట తప్పేం లేదు గానీ ఆ క్లిప్పులు చూస్తూ ఉప్పొంగిపోయేవాళ్ళు ఇది కూడా గుర్తుంచుకోవాలి.

## మాటలు మాయమైన కాలం

మాటలు నిషేధించారా?

'ఇకనుంచి పాడొద్దు' అని బహిరంగంగా చట్టమేదీ చేయలేదు. 1970ల మొదట్లో మాటలు చప్పుడు లేకుండా పక్కకు పోయాయి, అధికారిక కార్యక్రమాల్లో వాద్యసంగీతం మాత్రమే మిగిలింది. అందుకే మీరు చూసే 1976, 1980, 1988 పతకాల వీడియోల్లో ఆటగాళ్ళ పెదాలు కదలవు. రాకపోవడం, బిడియం ఏదీ కాదు, పాడే పద్ధతే పోయింది.

సొంత పాటలో మాటలకు సొంత ప్రభుత్వమే ఎందుకు భయపడింది?

'జర్మనీ, ఐక్య మాతృభూమి' అన్న ఒక్క లైను వల్ల. 1971లో పార్టీ అధినేతగా ఉల్‌బ్రిష్ట్ స్థానంలో హోనెకర్ వచ్చాడు. గోడ కట్టి పదేళ్ళయింది, పశ్చిమ జర్మనీతో 1972 డిసెంబరులో ఒప్పందం కుదిరింది, 1973 సెప్టెంబరులో రెండు దేశాలూ ఐక్యరాజ్యసమితిలో చేరాయి. ఇన్నాళ్ళూ కోరుకున్న గుర్తింపు వచ్చేసింది. ఇక మీదట మాది వేరే జాతి, సోషలిస్టు జాతి అనే కొత్త వాదం మొదలుపెట్టారు. 1968 రాజ్యాంగంలో 'జర్మన్ జాతి సోషలిస్టు రాజ్యం' అని ఉన్నదాన్ని 1974లో సవరించి 'కార్మికుల, రైతుల సోషలిస్టు రాజ్యం' చేశారు. దేశాలు కలవడం గురించిన మాటలు కూడా అందులోంచి ఎత్తేశారు.

అత్తారింట్లో పుట్టింటి పేరు ఎత్తకూడదన్నట్టు ఎక్కడ 'జర్మన్' కనిపిస్తే అక్కడ 'జీడీఆర్' అని మార్చుకుంటూ పోయారు. డాయిష్‌లాండ్‌జెండర్ అనే రేడియో 1971లో 'జీడీఆర్ వాణి' అయింది. టీవీ పేరు 1972లో 'జీడీఆర్ టెలివిజన్' అయింది, సైన్సు అకాడమీ పేరూ అదే ఏడాది మారింది. తమాషా ఏంటంటే పార్టీ పేరులో జర్మనీ అలాగే ఉండిపోయింది, పార్టీ పత్రిక పేరేమో 'కొత్త జర్మనీ'. రైల్వేని కూడా కదపలేదు, ఎందుకంటే పశ్చిమ బెర్లిన్‌లో రైళ్ళు నడిపే హక్కులు ఆ పాత పేరు మీదే ఉన్నాయి. పాటకు అలాంటి అండ లేదు.

మాటలు మార్చి కొత్తవి రాయించుకోవచ్చు కదా?

సోవియట్ యూనియన్ అదే చేసింది. 1944లో తెచ్చుకున్న పాటలో స్టాలిన్ పేరు ఉంది, 1956లో క్రుష్చేవ్ స్టాలిన్‌ను ఎండగట్టాక దాన్ని పాడలేక ఇరవై ఏళ్ళకు పైగా మాటల్లేకుండా వాయించారు, 1977లో అసలు రచయిత మిఖల్కోవ్ చేతే మార్పించారు. తూర్పు జర్మనీ ఆ పని చేయలేదు. అక్కడ ఇబ్బంది ఒక మనిషి పేరు కాదు కదా, తీసేసి ఇంకో పేరు పెట్టడానికి. జర్మనీ అన్న మాట పాటంతా పరుచుకుని ఉంది. పైగా బెహర్ 1958లోనే పోయాడు, కొత్తగా రాయిస్తే 'పాతది ఎందుకు మార్చారు' అని ఊరంతా అడుగుతుంది. నోరు మెదపకుండా ఊరుకోవడమే వాళ్ళకు తేలికనిపించి ఉంటుందని నా అంచనా.

మన దేశానికి, ఈ పాటకు ఏమైనా సంబంధం ఉందా?

పెద్దగా లేదు. భారత్ తూర్పు జర్మనీతో పూర్తి దౌత్య సంబంధాలు పెట్టుకుంది 1972 అక్టోబరులో, సరిగ్గా మాటలు కనుమరుగవుతున్న రోజుల్లో. మన 'జనగణమన'లోనూ అయిదు చరణాల్లో ఒక్కటే పాడతాం కదా, ఇదీ అంతేనా అని కొందరు అడుగుతారు. అలా కాదు, మన మిగతా నాలుగూ పాడితే ప్రభుత్వానికి ఇబ్బందేమీ లేదు.

## 1989–90

గోడ కూలినప్పుడు జనం ఈ పాట పాడారా?

పాట మొత్తం కంటే ఆ ఒక్క లైను పట్టుకున్నారు. లైప్‌జిగ్‌లో ప్రభుత్వానికి వ్యతిరేకంగా జరిగిన సోమవారం ఊరేగింపుల్లో మొదట వినిపించిన నినాదం 'మేమే ప్రజలం'. నవంబరు 9న గోడ తెరుచుకున్నాక అది నెమ్మదిగా 'మనం ఒకే ప్రజ' అయింది, దాంతోపాటు 'జర్మనీ, ఐక్య మాతృభూమి' అని గొంతులెత్తారు, బ్యానర్లు కట్టారు. దాన్ని దేశద్రోహం అనడానికి ప్రభుత్వానికి నోరు లేదు, వాళ్ళ జాతీయగీతంలోదే మరి. నన్నడిగితే ఈ పాట చరిత్రలో అన్నిటికన్నా పసందైన భాగం ఇదే. 1990 ఫిబ్రవరి 1న ప్రధాని హాన్స్ మోడ్రో రెండు దేశాలను కలిపే ప్రణాళిక ప్రకటిస్తూ దానికి ఆ లైనునే శీర్షికగా పెట్టుకున్నాడు. ఇరవై ఏళ్ళు పక్కన పెట్టిన మాటలు గోడ తెరుచుకున్న మూడు నెలల్లోనే ప్రభుత్వ పత్రం మీదికి వచ్చేశాయి.

రెండు పాటలూ కలిపేద్దామని ఎవరో అన్నారట?

లోథార్ ద మెజియేర్. 1990 మార్చి 18న జరిగిన స్వేచ్ఛాయుత ఎన్నికల తర్వాత తూర్పు జర్మనీకి మొదటి, చివరి ప్రధాని ఆయనే. లాయరు కాకముందు వయోలా వాయించే వృత్తి సంగీతకారుడు కాబట్టి రెండు పాటల కొలతా కుదురుతుందని ఆయనకు ఎవరూ చెప్పక్కర్లేదు. హైడెన్ బాణీలో పశ్చిమం వాళ్ళ మూడో చరణంతో పాటు బెహర్ మొదటి చరణం కూడా పాడదామని విలీన చర్చల్లో అడిగాడు. పశ్చిమం తరఫున కూర్చున్న వోల్ఫ్‌గాంగ్ షాయిబ్లె ఒప్పుకోలేదు. బ్రెక్ట్ 1950లో రాసిన పిల్లల గీతాన్ని (దానికీ బాణీ ఐస్లర్‌దే) తీసుకుందామన్నవాళ్ళూ ఉన్నారు, అదీ సాగలేదు. ఒప్పుకుని ఉంటే తూర్పు వాళ్ళకు తమది కూడా ఒకటి మిగిలిందన్న తృప్తి ఉండేది, ఖర్చు ఏమీ లేని పని.

అధికారికంగా ఎప్పుడు ముగిసింది?

1990 అక్టోబరు 3న, దేశంతో పాటే. ముందు రోజు రాత్రి తూర్పు బెర్లిన్‌లో జరిగిన వీడ్కోలు సభలో కుర్ట్ మజూర్ బీతోవెన్ తొమ్మిదో సింఫనీ నడిపించాడు. 1991లో అధ్యక్షుడు వైట్సెకర్, చాన్సలర్ కోల్ మళ్ళీ ఉత్తరాలు రాసుకుని, పాత పాట మూడో చరణమే మొత్తం జర్మనీకి జాతీయగీతమని ఖరారు చేశారు.

## ఆ తర్వాత

రష్యా పాత బాణీ మళ్ళీ తెచ్చుకుంది కదా, జర్మనీ ఎందుకు తెచ్చుకోలేదు?

రష్యా సోవియట్ యూనియన్‌కు వారసురాలు. పుతిన్ 2000లో పాత బాణీ తెచ్చి మాటలు మార్పించినప్పుడు అడ్డు చెప్పే ఇంకో దేశం లేదు. తూర్పు జర్మనీ అలా కొనసాగలేదు, పశ్చిమ జర్మనీ రాజ్యాంగంలోని 23వ అధికరణం కింద వెళ్ళి అందులో చేరిపోయింది. చేరినవాళ్ళు తమ చట్టాలు, డబ్బు, జెండా వదులుకున్నట్టే పాటా వదులుకున్నారు.

బ్రెజిల్‌లో పొరపాటున వాయించారట?

అవును, 1995 నవంబరులో. జర్మనీ అధ్యక్షుడు రోమన్ హెర్ట్సోగ్ పర్యటనకు వెళ్తే అక్కడి బ్యాండు అయిదేళ్ళ కిందట రద్దయిన దేశం పాట అందుకుంది.

ఇప్పుడు జర్మనీలో ఈ పాట పాడితే కేసు పెడతారా?

పెట్టరు. నాజీ గుర్తులపై ఉన్నట్టు దీని మీద నిషేధం లేదు. కాకపోతే ఎక్కడ పాడుతున్నారో చూసుకోండి. రహస్య పోలీసుల జైళ్ళలో మగ్గినవాళ్ళు, గోడ దగ్గర మనుషుల్ని పోగొట్టుకున్నవాళ్ళు ఇంకా ఉన్నారు, వాళ్ళ ముందు సరదాకి ఎత్తుకుంటే బాగోదు. పాట అందంగా ఉంటుందని అనడానికి మాత్రం ఎవరూ మొహమాటపడక్కర్లేదు.

వినాలంటే ఏ రికార్డింగ్ వినాలి?

ముందు బృందగానం ఉన్నది వెతకండి, మూడు చరణాలూ ఉంటే ఇంకా మంచిది. ఒలింపిక్స్ వీడియోల్లో వచ్చేది వాద్యసంగీతం ఒక్కటే, అది విని బాణీ మామూలుగా ఉందని తేల్చేయకండి. మొదటి చరణం చివర్లో సూర్యుడి మాట వచ్చే దగ్గర గొంతులన్నీ పైకి లేస్తాయి, ఐస్లర్ పనితనం అక్కడ తెలుస్తుంది.